ఆరున్నొక్కటి

ఆరు తర్వాత ఎనిమిది అంది ఈ పిల్ల, అవును, ఎనిమిదే అంది, తన చెవులు పొరపాటు పడలేదు, మళ్ళీ విందాం అనుకుంటూ శివపార్వతి చేతిలోని వత్తుల్ని అలాగే పట్టుకుని, పక్కకు చూడకుండా పక్కనే వింటూ కూర్చుంది, సింధూరి బుట్టలోంచి వత్తులు తీస్తూ మొదట్లో ఏదో గొణుక్కుని, ఆ తర్వాత గొంతు పెంచి నాలుగు, ఐదు, ఆరు అని, ఎక్కడా ఆగకుండా ఎనిమిది, తొమ్మిది, పది అని, ఆ పదినీ పక్కన పేర్చి మళ్ళీ బుట్టలో చెయ్యి పెట్టింది, అంటే ఏడు లేదు, ఈ పిల్ల లెక్కలో ఏడన్నదే లేదు, ఏడు అనకూడదని ఎవరో చెప్పి ఉంటారు, ఎవరో ఏమిటి తల్లే చెప్పి ఉంటుంది, శుభమా అని దేవుడి వత్తులు లెక్కపెడుతూ ఏడు అంటే కూర్చుని ఏడవమన్నట్టు ఉంటుంది కనుక ఆ మాట నోట రానివ్వకూడదు, నిజమే, కానీ దాని బదులు ఆరున్నొక్కటి అనాలి కదా, మాట మార్చమన్నారు గాని వత్తిని ఎగ్గొట్టమన్నారా, డాక్టరీ చదివే పిల్లకు ఆ మాత్రం తెలియదా, పదికి ఒకటి తక్కువ, వంద కట్టకి పది తక్కువ, సెలవులకు వచ్చిన దగ్గర్నుంచీ ఈ పిల్ల కట్టిన కట్టలన్నీ ఆ మూల నీలం టబ్బులో ఉన్నాయి, అన్నింటికీ పదేసి తక్కువ, అంటే దీని తల్లి ధనశ్రీ పట్టిన లక్ష వత్తుల నోము లక్ష కాదు, అనుకునేసరికి శివపార్వతికి ఎండలో పడి వచ్చినవాళ్ళకు చల్లటి మజ్జిగ చేతికిచ్చినంత హాయిగా అనిపించింది.

ఫాన్ ఆపేశారు, వేస్తే వత్తులు ఎగిరిపోతాయని, నవంబరు వచ్చినా బెజవాడ ఉక్క ఎక్కడికీ పోదు, మెడ కింద చెమట కారుతున్నా ఇప్పుడు ఆమెకు అది పట్టలేదు, చాప మీద ఎదురుగా రెండో అంతస్తు సీతమ్మగారు, రిటైరైన పంతులమ్మ, కళ్ళజోడు ముక్కు చివరికి జార్చుకుని కట్టలకు దారం ముడులు వేస్తోంది, పక్కన ఈ సింధూరి, వంటింట్లో దాని తల్లి ధనశ్రీ, ఈ మూడు వందల నాలుగో నంబరు ఫ్లాటు ఇల్లాలు, ఫ్లాటు అంటే గుర్తొచ్చింది, ఈ ఫ్లాటు తనది కావలసింది, అపార్ట్‌మెంటు కడుతున్నప్పుడు మొదట తమకే చూపించారు, తూర్పు ముఖం, బాల్కనీలో నిలబడితే ఇంద్రకీలాద్రి మీద అమ్మవారి గోపురం కనిపిస్తుంది, కానీ మూడూ సున్నా నాలుగూ కలిపితే ఏడు వస్తుందని తానే వద్దంది, పట్టుబట్టి పైన నాలుగు వందల ఐదు తీయించింది, కలిపితే తొమ్మిది, తొమ్మిదికి తిరుగులేదన్నారు, ఆ బాల్కనీలోంచి చూస్తే పక్క బిల్డింగు నీళ్ళ ట్యాంకు కనిపిస్తుంది, రోజూ పొద్దున్నే దానికే దణ్ణం పెట్టుకుంటున్నట్టవుతోంది, ఈ ధనశ్రీ మాత్రం మైలవరం నుంచి వచ్చి, కూడికా తీసివేతా ఏదీ చూసుకోకుండా, గాలి బాగా వస్తోందండీ అని దిగిపోయింది, దిగి ఏడు తిరక్కుండా కూతురికి మెడికల్ సీటు, ఆ వెంటనే మొగుడు గోపీనాథ్‌కి ప్రమోషను, వత్తులు చేసుకునే ఓపిక, నవ్వే నోరు, కొందరికి అంతే, అమ్మవారు కొండ దిగి వచ్చి వాళ్ళ గుమ్మంలోనే చెప్పులు విడుస్తుంది, చెప్పులేమిటి నా మొహం, అమ్మవారికి చెప్పులా, లెంపలేసుకోవాలి, లెంపలేసుకుందామంటే చేతినిండా వత్తులు, ఎన్ని అయ్యాయి, నాలుగా ఐదా, ఐదే అయి ఉంటాయి, ఐదు, ఆరు, ఆరున్నొక్కటి.

లక్ష అంటే మాటలు కాదు, ఆ సంగతి తనకు తెలిసినంతగా ఈ అపార్ట్‌మెంటులో ఎవరికి తెలుసు, పోయిన కార్తీకంలో తాను కూడా లక్ష వత్తుల నోము పట్టింది, చక్రి పెళ్ళి కోసం, చక్రికి ముప్ఫై నాలుగు, మూడూ నాలుగూ కలిపితే, ఛ, ఆ లెక్క వద్దు, ముప్ఫై నాలుగేళ్ళ బంగారంలాంటి పిల్లవాడు తండ్రితో పాటు వన్‌టౌన్‌లో చీరల కొట్లో కూర్చుంటాడు, అదే వాడు చేసిన నేరం, కొట్లో కూర్చునేవాడు ఈ కాలం ఆడపిల్లలకు ఆనడం లేదు, అందుకని తాను ఒక్కతే కూర్చుని, పనిమనిషిని కూడా ముట్టుకోనివ్వకుండా, పుట్టింట్లో పెడనలో తండ్రి బట్టల తాన్లు లెక్కపెట్టినట్టే మొదటిదానికి ఒకటి అనకుండా లాభం అని, లాభం, రెండు, మూడు అంటూ లెక్కపెట్టింది, కట్టాక మళ్ళీ లెక్కపెట్టింది, చక్రి తండ్రి వెంకటప్పయ్య గారు కొట్టు నుంచి వచ్చి భోజనానికి కూర్చుని, నువ్వు అమ్మవారికి ఎక్కాలు నేర్పేటట్టున్నావే అని వేళాకోళమాడినా లెక్కచేయకుండా ఇంకోసారి లెక్కపెట్టింది, వెలిగించిన నెల తిరక్కముందే బందరు సంబంధం ఖాయమయ్యేదాకా వచ్చి, అమ్మాయి ఆఫీసుకెళ్ళే కుర్రాడే కావాలంటోందండీ, ఏమీ అనుకోకండి అని ఫోన్లో తప్పుకున్నారు, ఆ రోజు ఏడవలేదు, ఇల్లంతా ఊడ్చింది, ఊడుస్తుంటే ఫ్రిజ్ కింద నుంచి ఒక వత్తి బయటపడింది, దుమ్ము పట్టి, తోకలా వంకర తిరిగి, ఇదా, ఇది తగ్గిందా, తొంభై తొమ్మిది వేల తొమ్మిది వందల తొంభై తొమ్మిదికి కొడుకు పెళ్ళి ఆగిపోయిందా తల్లీ అని వంటింటి గట్టు పట్టుకుని నిలబడిపోయింది, ఎవరికీ చెప్పలేదు, మొగుడికీ చెప్పలేదు, చెబితే నవ్వుతాడు, అది నవ్వే విషయం కాదు, ఒక్కటి తగ్గినా తగ్గినట్టే.

అలాంటిది ధనశ్రీకి కొన్ని వేలు తగ్గబోతున్నాయి, రేపు పౌర్ణమి సాయంత్రం ఘాటు దగ్గర పెద్ద మూకుడులో నేతిలో నానిన వత్తులు పోసి వెలిగిస్తుంది, మంట ఎత్తుగా లేస్తుంది, చుట్టూ ఉన్నవాళ్ళు ఆహా అంటారు, ఫొటోలు తీసుకుంటారు, లక్ష కాదని తెలిసింది అమ్మవారికీ తనకూ మాత్రమే, ఇద్దరూ ఒక మాట మీద ఉన్నట్టే లెక్క, ఆ తర్వాత ధనశ్రీ కోరిక తీరదు, తీరకూడదు కదా మరి, తీరితే న్యాయమేముంది, ఇంతకీ ఏం కోరుకుందో చెప్పి చావదు, వారం కింద లిఫ్టులో తానే అడిగింది, ఏమ్మా ధనశ్రీ దేనికోసం పట్టావు నోము అని, ఊరికేనండీ పిన్నిగారూ, చెయ్యాలనిపించింది అని పళ్ళన్నీ కనబడేలా నవ్వింది, ఊరికే, లక్ష వత్తులు ఊరికే చేస్తారా ఎవరైనా, వేళ్ళు కాయలు కాచేలా పత్తి చుట్టి ఊరికేనట, అడిగేది పెద్దదే అయి ఉంటుంది, దిష్టి తగులుతుందని దాస్తోంది, నా దిష్టే తగులుతుందని దాస్తోంది, ఆటోల వెనక రాయించుకుంటారు చూడు నన్ను చూసి ఏడవకురా అని, ఆ ముక్కేదో తలుపు మీద రాయించుకుంటే పోయేది, అవునమ్మా ఏడుస్తున్నాను, కళ్ళల్లో నిప్పులు పోసుకుంటున్నాను, నీకు సీటు, నీకు ప్రమోషను, నీకు గోపురం, నాకు నీళ్ళ ట్యాంకు, ఏడవక ఏం చెయ్యను, కుళ్ళు అంటే కుళ్ళే, పోనీ కుళ్ళే అనుకో, ఐదు, ఆరు, ఆ పిల్ల మళ్ళీ ఆరు దాటి ఎనిమిదిలోకి దూకింది, ఎంత చక్కగా దూకుతోందో, అలాగే దూకు తల్లీ, నేను నోరు విప్పితే ఒట్టు.

కాఫీ తాగండి అమ్మమ్మగారూ, పొద్దుట్నుంచీ వంగి కూర్చున్నారు, నడుం పట్టేస్తుంది అంటూ సింధూరి లేచి వెళ్ళి గ్లాసు తెచ్చిచ్చింది, తల్లికి పిన్ని అయితే కూతురికి అమ్మమ్మే కదా, వరస తప్పలేదు, నాన్నమ్మా అని పిలిచేవాళ్ళు ఇంట్లో పుట్టలేదు గాని ఎదిగిన పిల్ల అమ్మమ్మా అంటే కాదనడానికీ లేదు, కాఫీలో చక్కెర సరిగ్గా తనకు కావలసినంతే ఉంది, దానికీ ఒళ్ళు మండింది, నా చక్కెర కూడా వీళ్ళకు తెలుసు, సింధూరి కుడి అరచెయ్యి ఎర్రగా కమిలి ఉంది, ఏమైందే అంటే వత్తులు చుట్టీ చుట్టీనండీ అంది, పాపం అనిపించింది, పాపం అనిపించడం నచ్చలేదు, ఈ పిల్లకేం పోయింది, తప్పు లెక్క పిల్లదైనా ఫలితం తల్లిది, నాకు ఎవరు పాపమన్నారు, ఫ్రిజ్ కింద వత్తి దొరికిన రోజు నన్ను పాపమన్నవాళ్ళెవరు అనుకుంటూ గ్లాసు కింద పెట్టి దారం అందుకుంది, అప్పటికి సీతమ్మగారు ఆఖరి ముడి వేసి ఉస్సురంటూ గోడకు జారగిలబడి, అయిపోయిందమ్మా ధనశ్రీ, కట్టలు వెయ్యీ అయినాయి అని వంటింటి వైపు కేకేసింది.

ధనశ్రీ చేతులు తుడుచుకుంటూ వచ్చింది, చెమటకు బొట్టు కరిగి ముక్కు మీదికి జారింది, ఆ అవతారంలో కూడా కళగానే ఉంది, వచ్చి టబ్బు ముందు మోకాళ్ళ మీద కూర్చుని, కట్టలన్నింటినీ ఒకసారి చేత్తో నిమిరి, తిన్నగా శివపార్వతి వైపు తిరిగింది, పిన్నిగారూ, లెక్కంటే ఈ అపార్ట్‌మెంటులో మీ తర్వాతేనండీ ఎవరైనా, మీ నోటితో ఒక్కసారి సరిపోయిందనండి, రేపు నిశ్చింతగా వెలిగించుకుంటాను అంది, శివపార్వతి ఊరుకుందామనుకుంది గాని అబద్ధం ఆడదామనుకోలేదు, ఊరుకోవడం వేరు, అమ్మవారి వత్తుల మీద చెయ్యి పెట్టి సరిపోయిందని సాక్ష్యం చెప్పడం వేరు, చెబితే ఆ తగ్గినవన్నీ తన మెడకు చుట్టుకుంటాయి, తన మెడకైతే పరవాలేదు, చక్రి మెడకు చుట్టుకుంటే, ఇప్పటికే ఒక్క వత్తికి ఒక సంబంధం పోయింది, వేలకు వేలైతే వాడి గతేమిటి, ధనశ్రీ ఇంకా తనవంకే చూస్తోంది, సీతమ్మగారు చూస్తోంది, అను పిన్నీ అన్నట్టు అందరూ చూస్తున్నారు, భయమే మాట్లాడిందో కుళ్ళే మాట్లాడిందో, రెండూ ఒకేసారి గొంతులోకి వచ్చాయి, సరిపోలేదమ్మా అంది, ఎంత గట్టిగా అందంటే తనకే ఉలిక్కిపడినట్టయింది, సరిపోలేదు, నీ కూతురు ఆరు తర్వాత ఎనిమిది అంటోంది, నేను పొద్దుట్నుంచీ వింటూనే ఉన్నాను, పదికొక వత్తి మింగేసింది, టబ్బులో ఉన్నవన్నీ తక్కువ కట్టలే.

పొద్దుట్నుంచీ వింటున్నారా అని సీతమ్మగారు కళ్ళజోడు పైకి నెట్టుకుంది, ఆ మాట అనకుండా ఉండాల్సింది, వింటే అప్పుడే చెప్పొచ్చుగా పార్వతిగారూ అని ఆవిడ అనలేదు గాని ఆ చూపులో ఉంది, సింధూరి మొహం చిన్నబోయింది, నేను సరిగ్గానే లెక్కపెట్టానమ్మా అంటూ బిక్కమొహంతో ఒక కట్ట తీసి విప్పి చాప మీద పరిచి, చూడండి అమ్మమ్మగారూ అని వేలితో ఒక్కొక్క వత్తినీ జరుపుతూ ఈసారి మొదటి నుంచీ పైకే లెక్కపెట్టింది, లాభం, ఒకటి, రెండు, మూడు, నాలుగు, ఐదు, ఆరు, ఎనిమిది, తొమ్మిది, పది, సీతమ్మగారు ఆ పదినీ తన ముందుకు లాక్కుని బడిపిల్లల దగ్గర లెక్కపెట్టినట్టు మామూలుగా లెక్కపెట్టి, పదే ఉన్నాయమ్మా అంది, రెండో పదీ పదే, మూడోదీ పదే, కట్ట మొత్తం నిక్కచ్చిగా వంద, ఆవిడకు అర్థమయ్యేసరికి నవ్వు ఆగలేదు, ఓసి నీ దుంపతెగ, లాభమంటే ఒకటేనే, లాభం అని ఒక వత్తి వేసి మళ్ళీ ఒకటని ఇంకోటి వేస్తావా, అక్కడ ఒకటి ఎక్కువ, ఆరు తర్వాత ఒకటి తక్కువ, చెల్లుకు చెల్లు అని పొట్ట పట్టుకుంది, ధనశ్రీ కూడా నవ్వుతూ, మా ఇంట్లో అంతేనండీ, మా నాన్న మైలవరంలో మామిడికాయలు లెక్కేసేటప్పుడు లాభం అని ఒక కాయ పడేసి, ఆనక ఒకటి అనేవాడు, ఏడు అనేవాడే కాదు, నేనూ అలాగే నేర్చుకున్నాను, అది నన్ను చూసి నేర్చుకుంది, అయితే ఇన్నాళ్ళూ మాది తప్పు లెక్కన్నమాట అంది, తప్పు లెక్కన్న సంగతి ఇవాళే తెలిసినదానిలా, తెలిసినందుకు సరదా పడుతున్నట్టు, శివపార్వతికి మాత్రం ఆ మొదటి గొణుగుడు ఇప్పుడు చెవిలో స్పష్టంగా వినిపించింది, లాభం అన్నప్పుడు తన చెవి ఎక్కడికి పోయింది, ఒకటి అన్నప్పుడు ఎక్కడికి పోయింది, ఏడు లేని చోటు మాత్రం ఎంత బాగా వినబడింది.

అమ్మమ్మగారి కట్ట కూడా చూద్దామా అంది సింధూరి, కళ్ళల్లో తడి ఇంకా ఆరలేదు గాని గొంతులో అల్లరి తిరిగొచ్చింది, వద్దులే అందామనుకునేలోపే శివపార్వతి ముందున్న కట్టల్లోంచి ఒకటి లాగి విప్పేసింది, సీతమ్మగారు లెక్కపెట్టింది, ఒకసారి పెట్టి, కళ్ళజోడు తీసి పైటతో తుడిచి మళ్ళీ పెట్టుకుని రెండోసారి లెక్కపెట్టింది, చాప చుట్టూ నవ్వు తగ్గింది, ఎన్నండీ అంది ధనశ్రీ, సీతమ్మగారు ఒక్క క్షణం తడబడి, దేవుడి పనిలో ఆ మాట ఎందుకన్నట్టు, వందకి ఆరున్నొక్కటి తగ్గాయమ్మా అంది మెల్లగా, ఇంకో కట్ట విప్పితే అందులో నాలుగు తక్కువ, ఇంకోదాంట్లో రెండు ఎక్కువ, వేళ్ళు ఇక్కడా చెవి అక్కడా పెట్టుకుని కట్టిన కట్టలు, శివపార్వతికి నలుగురిలో తల కొట్టేసినట్టయింది, కొట్లో ఎంత పెద్ద బట్టల తాను కొలిచినా ఒక్క గజం తేడా రానివ్వనిది, అత్తవారింట్లో పదహారు మందికి లెక్కగా అన్నం వండినది, తన లెక్క తప్పడమేమిటి, ఆ పిల్లను పట్టిద్దామని కూర్చుని తానే దొరికిపోవడమేమిటి, ధనశ్రీ ఒక్క మాట అంటే బాగుండును, ఎత్తిపొడిస్తే బాగుండును, ఇందాకటి గట్టి గొంతును గుర్తు చేస్తే తానూ నాలుగు తిరగేసి, విసురుగా లేచి వెళ్ళిపోవచ్చు, ఆ అమ్మాయి ఆ అవకాశం కూడా ఇవ్వలేదు, పొద్దుట్నుంచీ కూర్చున్నారు, కళ్ళు లాగేసి ఉంటాయి పిన్నిగారికి అని మాత్రం అంది.

అని లేచి వంటింట్లోకి వెళ్ళి, కట్టలు కట్టగా మిగిలిన వత్తుల డబ్బా తెచ్చి, మూత తీసి చెయ్యి లోపలికి పెట్టి, గుప్పిటకు వచ్చినన్ని తీసి టబ్బులో కట్టల మీద పోసింది, పెదవి కదల్లేదు, లాభమూ లేదు ఒకటీ లేదు, రెండో గుప్పెడు కూడా పోసింది, ఎన్ని పోశావమ్మా అని సీతమ్మగారు అడిగితే, ఏమోనండీ, తగ్గినవి పోను మిగిలింది కొసరు, బజారుకెళ్తే కొసరెయ్యి కొసరెయ్యి అని వాళ్ళ ప్రాణం తీస్తాం, అమ్మవారికి మనం ఓ గుప్పెడు వేస్తే ఏం పోయిందండీ అని చేతులు దులుపుకుంది, పత్తి నూగు గాలిలో లేచింది, శివపార్వతికి మొదట మళ్ళీ మంటే పుట్టింది, ఎంత తేలిగ్గా వేసింది, ఎంత ధీమా, మేమంతా వేళ్ళు పెట్టి లెక్కపెట్టుకుని చస్తుంటే గుప్పెడు పోసి చేతులు దులుపుకుంటుందా, తప్పు లెక్కతో పెరిగి, ఏడు నంబరు ఇంట్లో ఉండి, భయమన్నది లేదా దీనికి, భయం లేదు, అవును, లేదు, ఆ మొహంలో ఎక్కడా లేదు, తన ఇంట్లో అయితే దీపం కొండెక్కితే భయం, కొబ్బరికాయ కుళ్ళితే భయం, నూట ఎనిమిది ప్రదక్షిణల్లో ఎవరైనా పలకరిస్తే లెక్క పోతుందని మూగదానిలా తిరిగేది, అమ్మవారు అటువైపు తక్కెడ పట్టుకుని కూర్చున్నట్టూ తాను ఇటువైపు తూకం వేస్తున్నట్టూ, ఒక్క వత్తి తగ్గితే పుచ్చుకోని ఆవిడ, ఒక్క వత్తి ఎక్కువైతే తాను నష్టపోయినట్టు, కొసరు అడగడం తనకు రాక కాదు, మార్కెట్లో కరివేపాకు కొసరు, మూర పూల మీద బెత్తెడు కొసరు, అమ్మవారి ముందు కళ్ళు మూసుకున్నా అంతే, అమ్మా మా చక్రికి పెళ్ళి చెయ్యి, చేసేదెలాగూ చేస్తావు గనుక పిల్ల కాస్త తెల్లగా ఉండనీ, ఒక్కతే కూతురైతే మరీ మంచిది, అత్తమీద నోరెత్తనిదైతే ఇంకా మంచిది, ఇంకా, ఇంకా, లక్షకు లక్షా లెక్కగట్టి ఇచ్చి ఆ పైన అడిగినవన్నీ కొసర్లే, సీటు చూసి ఏడిచాననుకుంది, గోపురం చూసి ఏడిచాననుకుంది, అవి కాదు, ఈ గుప్పెడు, ఈ అమ్మాయి ఎన్నో తెలియకుండా పోసిన ఈ గుప్పెడు చూసి ఇప్పుడు ఏడుస్తోంది, తీసుకోండి పిన్నిగారూ, మీరు కూడా ఓ గుప్పెడు వెయ్యండి అని ధనశ్రీ డబ్బా ఇటు జరిపింది, శివపార్వతి చెయ్యి లోపలికి పోయింది, మెత్తటి వత్తుల మధ్య వేళ్ళు ముడుచుకున్నాయి, ముడుచుకోగానే లోపల్నుంచి ఎవరో లాభం అన్నారు, రెండు అన్నారు, ఆపుదామన్నా ఆగలేదు, గుప్పిట అలాగే ఉండిపోయింది, ఇన్నేళ్ళూ ఆ తల్లిని కొసరు అడిగిందే గాని, తన చెయ్యి ఆవిడకు వేసింది ఎన్నడూ లేదు.